చంద్రగిరి తాలూకా: లోయ, కోట, లెక్క

తిరుపతి, చిత్తూరు ప్రాంతముల పాత ఇండ్లలో ఏదో ఒక పెట్టె అడుగున భూమి దస్తావేజులుండును. వానిని విప్పి చూచినచో మొదటి పంక్తులలోనే ఊరి చిరునామా వరుసగా కనిపించును: చిత్తూరు జిల్లా, చంద్రగిరి తాలూకా, ఫలానా ఫిర్కా, ఫలానా గ్రామము, సర్వే నంబరు ఇంత. దస్తావేజు 1911కు ముందుదైనచో జిల్లా పేరు కూడ వేరుగా నుండును; అచ్చట ఉత్తర ఆర్కాడు అని యుండును. ఈనాడు అదే భూమికి తిరుపతి జిల్లా అనియు, ఒక మండలము పేరనియు వ్రాయుచున్నారు. భూమి కదలలేదు, గట్టు కదలలేదు. మారినది ఆ భూమికి మనము పెట్టుకొన్న చిరునామా మాత్రమే.

ఈ చిరునామాల నుండి 1985లో తొలగిపోయిన తాలూకా అను మాటను గూర్చియు, అందు చంద్రగిరి తాలూకాను గూర్చియు శ్రోతలకు మనవి చేయదలచితిమి. తాలూకా అనగా కేవలము ఒక పాతకాలపు కచేరి కాదు. ఒక ఏటి లోయను, ఆ లోయలోని చెరువులను, పొలములను, అడవులను చాలవరకు ఒకే లెక్కలో చూపిన ఏర్పాటది. అందులో ఏ మేలుండెనో, ఏ కష్టముండెనో, అది పోయిన పిదప మనకు మిగిలిన పని యేమో తెలిసికొనుట కేవలము చరిత్ర ముచ్చట కాదు. వాన హెచ్చుగా కురిసిన యేడు ఈ ప్రశ్న మన గుమ్మము ముందే వచ్చి నిలుచును.

తాలూకా అనునది అరబ్బీ నుండి పారసీ ద్వారా మనకు వచ్చిన మాట. దానికి సంబంధము, చెందియుండుట అని అర్థము. "ఆయన పెండ్లికూతురి తాలూకు మనిషి" అని మన మనునపుడు వాడుచున్నది ఆ మాటనే. కొన్ని గ్రామములు ఒక కచేరికి చెందియుండినచో అవి దాని తాలూకా అయినవి. పేరులో ఇంతకుమించిన గూఢార్థము లేదు. కాని ఏ గ్రామములు ఏ కచేరికి చెందవలెనో నిర్ణయించినది చాలవరకు కొండలు, ఏరులు, పాత రాజ్యముల జాడలు. కనుక ముందుగా ఆ నేలను చూతము.

కొండలు, ఏరు

తిరుపతిలో నిలిచి ఉత్తరముగా చూచినచో గోడవలె లేచిన కొండలు కనిపించును. అవి శేషాచలములు. తిరుమల క్షేత్రము సముద్రమట్టమునకు సుమారు 850 మీటర్ల యెత్తున నున్నది. క్రింది తిరుపతి పట్టణము 200 మీటర్ల లోపుననే యున్నది. ఆ కొండల పైభాగమున అడ్డముగా పొరలు పొరలుగా ఎఱ్ఱని కొమ్ములు నిలిచియుండును. అది గట్టిపడిన ఇసుకరాతి జాతి. శాస్త్రజ్ఞులు దానిని క్వార్ట్జైటు అందురు. దాని క్రింద నున్నది గ్రానైటు జాతికి చెందిన మూలశిల. ఈ రెంటి నడుమ సుమారు 80 కోట్ల సంవత్సరముల విరామమున్నదని భూగర్భ శాస్త్రజ్ఞులు చెప్పుదురు. అనగా క్రింది రాయి ఏర్పడి, అరిగి, నేలమట్టమై, అంతకాలము గడచిన పిదప దానిపై కొత్త పొరలు చేరినవి. ఘాటురోడ్డు ప్రక్కన ఈ రెండు రాళ్లు కలియు గీత కంటికి కనిపించును. దానిని జాతీయ భూగర్భ స్మారకముగా గుర్తించి అచ్చట పలక నిలిపినారు. బస్సులో కొండ యెక్కువారిలో దానిని చదువువారు తక్కువ.

దక్షిణముగా తిరిగి చూచినచో కొండల రూపు మారును. అచ్చట గోడలు లేవు. గుండ్రని బండలు ఒకదానిపై నొకటి పేర్చినట్లు గ్రానైటు గుట్టలు విడివిడిగా నుండును. చంద్రగిరి కోట నిలిచినది అట్టి గుట్ట మీదనే. ఉత్తరపు గోడకు, దక్షిణపు గుట్టలకు నడుమ నున్న పల్లపు నేలలో స్వర్ణముఖి ప్రవహించుచున్నది. పాకాల, చంద్రగిరి ప్రాంతపు కొండలలో పుట్టి, తిరుపతి ప్రక్కగా, తిరుచానూరు మీదుగా, శ్రీకాళహస్తి క్షేత్రమును తాకి, నాయుడుపేట దాటి ఈ నది బంగాళాఖాతమున కలియును. దాని నిడివి సుమారు 130 కిలోమీటర్లు మాత్రమే. కల్యాణి, భీమ అను చిన్న యేరులు తొండవాడ వద్ద దీనితో కలియును. అందుచే అచ్చటి అగస్త్యేశ్వరాలయమునకు, ముక్కోటి తిరునాళ్లకు ఈ ప్రాంతమున ప్రసిద్ధి కలిగినది.

స్వర్ణముఖిని గోదావరితోడను, కృష్ణతోడను పోల్చరాదు. అది సంవత్సరములో చాల నెలలు ఇసుకగానే యుండును. వేసవిలో నైరుతి పవనములు తెచ్చు వాన ఇచ్చట ఒక పాలు మాత్రమే. ఆశ్వయుజ, కార్తిక మాసములలో బంగాళాఖాతపు వాయుగుండములు తెచ్చు ఈశాన్యపు వానయే చెరువులు నింపును. ఆ వాన వచ్చిన నాడు ఒక్కసారిగా వచ్చును. రాని యేడు అసలే రాదు. శేషాచలముల నిట్రమైన చరియల మీద పడిన నీరు గంటలలో లోయకు దిగును. పట్టి నిలుపనిచో అంతే వేగముగా సముద్రమునకు పోవును. ఈ నేలలో బ్రదుకవలెనన్న నీటిని నడిపించు విద్య తప్పనిసరి యైనది.

ఆ విద్య చెరువు. ఒక ఊరి చెరువు నిండి మరవ పారిన నీరు వంకలో పడి దిగువ ఊరి చెరువును చేరును. అది నిండి మరియొక దానిని చేరును. దీనినే గొలుసుకట్టు అందురు. ఏటి ఇసుకలో కాలువ త్రవ్వి, లోపలి ఊటను పొలములకు మళ్లించు ఊటకాలువలు కూడ ఉండెను. చెరువు క్రింద వరి, బావి క్రింద చెఱకు, మెట్టలో వేరుశనగ, అంతకుముందు కాలమున రాగి, జొన్న. మోటతో నీరు తోడిన కపిల బావులు పోయి విద్యుత్తు మోటార్లు వచ్చినవి గాని, చెరువు నిండినప్పుడే బావిలో నీరూరునను సూత్రము మాత్రము మారలేదు.

పాత పేర్లు: నాడు, కోట్టము, రాజ్యము

ఈ లోయకు తాలూకా అను పేరు రాకముందు ఇతర పేర్లుండెను. ప్రాచీన తమిళులు తమ దేశమునకు ఉత్తరపు టెల్లగా వేంగడమును చెప్పుకొనిరి. పల్లవులు, చోళులు ఏలిన కాలమున ఇది తొండైమండలములోని భాగము. ఆ మండలము కంచి చుట్టును వ్యాపించిన విశాలదేశము. దానిలో 24 కోట్టములుండెనని ప్రసిద్ధి. తిరుమల, తిరుపతి శాసనములలో ఈ ప్రాంతమునకు తిరువేంగడకోట్టమను పేరు కనిపించును. కోట్టము లోపల నాడులు, నాడుల లోపల గ్రామములు.

ఇచ్చట శ్రోతలు ఒక ముచ్చటను గమనింపవలెను. ఆ దినములలో మండలమనగా ఒక దేశము. చోళులు తొండైదేశమునకు జయంకొండచోళమండలమని పేరు పెట్టుకొనిరి. కంపెనీ కాలమునకు వచ్చుసరికి మండలమనగా జిల్లా. 1800లో నిజాము వదలుకొన్న జిల్లాలను దత్తమండలములనిరి. 1985 తరువాత మండలమనగా కొద్ది గ్రామముల కూడలి. మాట ఒక్కటియే. వెయ్యేండ్లలో దాని కొలత దేశము నుండి ఫిర్కా పరిమాణము వరకు తగ్గుచు వచ్చినది.

గ్రామములు అప్పుడు కూడ లెక్కలు లేకుండ నడువలేదు. తిరుచానూరులో సభ యుండెను. 10వ శతాబ్దమున పల్లవ వంశమునకు చెందిన సామవై తిరుమలలో భోగశ్రీనివాసుని వెండి విగ్రహమును సమర్పించి, నిత్యకైంకర్యములకై భూములు కొని యిచ్చెను. అప్పటి నుండి కొండమీద దీపమునకు, నైవేద్యమునకు ఆధారము ఈ లోయలోని పొలమే. విజయనగర కాలపు శాసనములు ఈ సంబంధమును మరింత విశదముగా చెప్పును. భక్తులు సమర్పించిన ధనమును దేవాలయము వారు భాండాగారములో దాచి యుంచలేదు. దేవగ్రామములలో చెరువులు బాగుచేయుటకు, కాలువలు త్రవ్వుటకు దానిని వినియోగించిరి. ఆ నీటివలన హెచ్చిన పంటనుండి దాత పేర నిత్యము ప్రసాదము జరుగునట్లు శాసనము వ్రాయించిరి. దేవస్థానము వారు 1930వ దశాబ్దములో ప్రకటించిన శాసన సంపుటములలో ఇట్టివి పెక్కులు కలవు. కొండమీది దానము లోయలో కాలువగా మారి, లోయలోని పంట తిరిగి కొండమీదికి ప్రసాదముగా పోయిన ఏర్పాటిది.

విజయనగరము వారి కాలమున ఈ భూభాగము చంద్రగిరి రాజ్యమనబడెను. రాజ్యమనగా ఇచ్చట స్వతంత్ర దేశము కాదు. సామ్రాజ్యములోని ఒక పరగణా. అయినను ఈ పరగణా సామ్రాజ్యమునకే రాజులను పంపినది. చంద్రగిరి నాయకుడైన సాళువ నరసింహుడు 1485లో విజయనగర సింహాసనము నెక్కెను. కృష్ణదేవరాయల పిదప 1529లో పట్టమునకు వచ్చిన అచ్యుతరాయలు అంతకుముందు చంద్రగిరి కోటలోనే యుంచబడెను. 1565 నాటి యుద్ధముతో విజయనగరము పాడుపడగా రాయలు పెనుగొండకు, అచ్చటి నుండి చంద్రగిరికి తరలిరి. వెంకటపతిరాయలు 16వ శతాబ్దపు తుది దశాబ్దములో చంద్రగిరిని రాజధానిగా చేసికొనెను. ఈనాడు పురావస్తుశాఖ వారి రక్షణలో నున్న మూడంతస్తుల రాజమహలు, దాని ప్రక్కనున్న రాణిమహలు ఆ వైభవమునకు సాక్షులు. రాజమహలును రాయి, ఇటుక, సున్నములతోనే కట్టిరి. అందు కలప వాడలేదు.

రాజధాని తరువాత వేలూరికి మారినను చంద్రగిరి పేరు మిగిలినది. 1639లో ఇంగ్లీషు వర్తకులకు చెన్నపట్టణపు సముద్రతీరమున స్థలమిచ్చిన దామెర్ల వెంకటాద్రి నాయకుడు ఈ రాయలకు సామంతుడు. 1645లో శ్రీరంగరాయలు ఆ దానమును స్థిరపరచెను. మరుసటి యేడు, 1646లో, చంద్రగిరి గోల్కొండ వారి వశమయ్యెను. కోట పోయినది గాని, కోట ఇచ్చిన కాగితము మీద సముద్రపు టొడ్డున ఒక మహానగరము పెరిగినది. నూటయేబది యేండ్లు గడచిన పిదప ఆ నగరమునుండి వచ్చినవారే చంద్రగిరిని ఒక తాలూకాగా చేసిరి.

కోట నుండి కచేరికి

నడుమ నడచిన కాలము లోయకు మంచికాలము కాదు. గోల్కొండ తరువాత మొగలులు, వారి తరువాత ఆర్కాటు నవాబులు. 1758లో నవాబు సోదరుడు అబ్దుల్ వహాబుఖాను చంద్రగిరి కోటను చేతనుంచుకొని, ఆ బలముతోనే తిరుపతికి రక్షకుడను పేరు వహించెను. యాత్రికుల కానుకల మీద ఎవరికి హక్కున్నదన్నది ఆనాటి యుద్ధములకొక కారణము. 1782లో హైదరాలీ కోటను పట్టుకొనెను. 1792 సంధి వరకు అది మైసూరు వారి క్రిందనే యుండెను. 1801లో నవాబు కర్ణాటకమును కంపెనీకి వదలుకొనగా ఈ ప్రాంతము ఉత్తర ఆర్కాడు జిల్లాలో చేరినది. ఆ జిల్లాకు ముఖ్యస్థానము చాలకాలము చిత్తూరే.

శ్రోతలలో కొందరికిది వింతగా తోచవచ్చును. చిత్తూరు ప్రాంతమును నేడు మనము రాయలసీమ అనుచున్నాము. కాని చంద్రగిరి, చిత్తూరు తాలూకాలు 1800లో నిజాము ఇచ్చిన దత్తమండలములలోనివి కావు. అవి మరుసటి సంవత్సరము ఆర్కాటు నవాబు ద్వారా వచ్చినవి. మదనపల్లె, వాయల్పాడు తాలూకాలు మాత్రము కడప జిల్లానుండి వచ్చి 1911లో వీనితో కలిసినవి. ఆ రెండు దారులు కలిసిన చోటే చిత్తూరు జిల్లా.

కంపెనీ వచ్చిన వెంటనే లోయ శాంతింపలేదు. పాకాల, మొగరాల, పులిచెర్ల, కల్లూరు, నరగంటి మొదలగు చోట్ల పాళెగాళ్లుండిరి. అడవి దారులను కాచుట వారి పాతవృత్తి. అందుకు ప్రతిగా గ్రామములనుండి కావలి రుసుము పుచ్చుకొనెడివారు. కంపెనీ ఆ రుసుమును తాను తీసికొని, వారిమీద పన్ను వేయగా వారు ఎదురు తిరిగిరి. 1804, 1805 సంవత్సరములలో సేన వచ్చి వారిని అణచినది. కోటలు కూలినవి, కచేరీలు వెలసినవి. కత్తి పట్టిన కావలి పోయి కలము పట్టిన లెక్క వచ్చినది.

చుట్టుప్రక్కల కార్వేటినగరము, శ్రీకాళహస్తి, పుంగనూరు జమీందారీలుగా నిలిచినవి. చంద్రగిరిలో మాత్రము చాలవరకు రైతువారీ పద్ధతి. రైతు తన పొలపు శిస్తును నేరుగా సర్కారునకు కట్టుకొనవలెను. జమీందారీలో రైతునకు, ప్రభుత్వమునకు నడుమ దివాణముండును. రైతువారీలో ఆ నడుమ నున్నది తాలూకా కచేరియే. అందువలననే చంద్రగిరి వంటి తాలూకాలలో తహసీలుదారు మాటకు అంత బరువు. జమీందారీలు 1948 నాటి చట్టముతో రద్దయి, ఆ గ్రామములు కూడ రైతువారీలోనికి వచ్చినవి.

తాలూకా ఎట్లు నడచెను?

తహసీలుదారు క్రింద ఫిర్కాకొక రెవిన్యూ ఇనస్పెక్టరు. గ్రామమున మునసబు, కరణము, తలారి, వెట్టివాడు. చెరువున్న ఊరిలో నీరుగంటి. మునసబు శిస్తు వసూలు చేయును; మన ప్రాంతమున ఆయనను గ్రామపు రెడ్డి యనియు పిలుచువారు. కరణము అడంగలులో ఏ సర్వే నంబరులో ఈ యేడు ఏమి పండినదో, ఏ నీరు పారినదో వ్రాయును. చిట్టాలో ఏ రైతు పేర ఎంత భూమి యున్నదో వ్రాయును. నీరుగంటి తూము తెరచి, పొలము వెంబడి పొలమునకు నీరు పారించును.

ఈ లెక్కలకు సంవత్సరము ఉగాది నుండి కాక, జూలై 1వ తేదీ నుండి లెక్కింపబడును. దానిని ఫసలీ అందురు. క్రీస్తు శకమునుండి 590 తీసివేసినచో ఫసలీ సంవత్సరము వచ్చును. 1911 జూలైలో మొదలైనది ఫసలీ 1321. పాత కాగితములలో ఈ అంకె కనిపించినప్పుడు భయపడనక్కరలేదు. 590 కలిపినచో ఆ యేడేదో తెలియును. ఫసలీ ముగిసిన పిదప జమాబందీ జరుగును. పై అధికారి తాలూకాకు వచ్చి, గ్రామము వెంబడి గ్రామము కరణములను పిలిచి, లెక్కలు తనిఖీ చేయును. చెరువు నిండలేదు, పంట యెండినది అని రైతు మొరపెట్టుకొని వజా కోరవలసినది అచ్చటనే.

చెరువుల మరామత్తుకు పాతకాలమునుండి దశబంధమను ఏర్పాటు కూడ ఈ ప్రాంతమున నుండెను. చెరువు కట్టినవానికి, లేదా బాగుచేయు పూచీ వహించినవానికి, దాని ఆయకట్టులో కొంత భాగము ఇనాముగా ఇచ్చుట ఆ పద్ధతి. ఇనాము తినువాడు కట్టను కాపాడవలెను. కాలక్రమమున ఇనాము మిగిలి పూచీ మరుగుపడిన చోట్లు లేకపోలేదు. అయినను ఈ కట్టకు దిక్కెవరన్న ప్రశ్నకు ఒక పేరు లెక్కలో వ్రాసియుండెను.

తాలూకా ముఖ్యస్థానము చంద్రగిరి. పెద్ద పట్టణము తిరుపతి. ఈ రెంటి నడుమ దూరము సుమారు 12 కిలోమీటర్లే గాని, వాని దారులు వేరయినవి. కంపెనీ కాలమున 1843 వరకు తిరుమల ఆలయ నిర్వహణ కలెక్టరు చేతిలో నుండెను. ఆ యేడు అది హాథీరాంజీ మఠపు మహంతులకు అప్పగింపబడెను. 1933లో దేవస్థానముల కమిటీ ఏర్పడెను. తిరుపతి 1886లో పురపాలక సంఘమయ్యెను. 19వ శతాబ్దపు తుదికి రైలుమార్గము పాకాల, చంద్రగిరి, తిరుపతి, రేణిగుంటలను కలిపినది. 1944లో తిరుమలకు మొదటి ఘాటురోడ్డు, 1954లో శ్రీవేంకటేశ్వర విశ్వవిద్యాలయము, 1974లో రెండవ ఘాటురోడ్డు. చంద్రగిరి కచేరి, కోట, వారపు సంతలతో నిలిచిపోగా, తిరుపతి దేశమంతటికి ఊరయ్యెను. లోయ ఒక్కటియే; కాని దాని నీరు, నేల, జనము తిరుపతి వైపు ఒరగసాగినవి. 1970వ దశాబ్దమున కల్యాణి మీద కట్టిన జలాశయము తిరుపతికిని, తిరుమలకును త్రాగునీటి నిచ్చుటకు పూనుకొనెను.

ఎల్లలు మారిన తీరు

1911 ఏప్రిల్ 1న చిత్తూరు జిల్లా ఏర్పడగా చంద్రగిరి తాలూకా అందులో చేరెను. 1953 అక్టోబరు 1న ఆంధ్రరాష్ట్రము, 1956 నవంబరు 1న ఆంధ్రప్రదేశ్ అవతరించినవి. తమిళ, తెలుగు భాషలు కలిసిన ఈ సరిహద్దు జిల్లాకు ఎల్ల తేలుటకు మరికొంత కాలము పట్టెను. పటాస్కరు నిర్ణయము ననుసరించి 1960 ఏప్రిల్ 1న తిరుత్తణి ప్రాంతము మద్రాసు రాష్ట్రమునకు పోయి, సత్యవేడు ప్రాంతము మనకు వచ్చెను. అప్పటికి ముందే, 1959 నవంబరు 1న, మన రాష్ట్రమున పంచాయతీరాజ్యము మొదలై, రోడ్లు, బడులు, బావులు సమితుల చేతికి వచ్చినవి. శిస్తు, భూమి లెక్క, నీటి తగవులు తాలూకాలోనే మిగిలినవి.

1984 జనవరిలో వంశపారంపర్యపు కరణీకము, మునసబీ రద్దయినవి. 1985లో తాలూకాలు పోయి రాష్ట్రమంతట 1,100కు పైగా మండలములు ఏర్పడినవి. మండలమునకు మొదట మండల రెవిన్యూ అధికారి అని పేరు. తరువాత తహసీలుదారు అను పాతపేరే మరల వచ్చినది. పాకాల, చంద్రగిరి, రామచంద్రాపురము, తిరుపతి పట్టణము, తిరుపతి గ్రామీణము, రేణిగుంట: ఈ లోయ వెంబడి నేడు మనకు కనిపించు మండలములివి. 2022 ఏప్రిల్ 4న పాత చిత్తూరు జిల్లా విడిపోయి తిరుపతి జిల్లా ఏర్పడగా ఇవన్నియు అందులో చేరినవి. చంద్రగిరి పేరు ఒక మండలమునకు, ఒక శాసనసభ నియోజకవర్గమునకు మిగిలినది.

మేలు, కీడు

ఈ మార్పు మంచిదా, చెడ్డదా? న్యాయముగా చెప్పవలెనన్న ముందు మేలునే చెప్పవలెను. తాలూకా కాలమున మారుమూల కొండపల్లెలోని రైతు ఒక అడంగలు నకలు కొరకు చద్దిమూట కట్టుకొని పోవలసి వచ్చెడిది. పోయిన దినము అధికారి క్యాంపులో నుండినచో మరునాడు మరల రావలెను. ఊరిలో కరణమే లెక్కకు యజమాని. ఆ లెక్క ఆయన ఇంట పెట్టెలో నుండును. ఆయన కినుక వహించినచో చిన్నరైతు పేరు చిట్టాకెక్కుట కష్టము. ఆ పదవి తండ్రినుండి కొడుకునకు పోవుటచే, అక్షరము రానివానికి న్యాయము అందని ద్రాక్ష. మండలము వచ్చి కచేరి దగ్గరయ్యెను. 2019లో గ్రామ సచివాలయములు వచ్చి మరింత దగ్గరయ్యెను. ఈ మేలును కాదనువారు తాలూకా కచేరి వరండాలో కాచుకొని యుండిన వారిని మరచినవారే.

ఇక రెండవ ప్రక్క. మనిషికి కచేరి దగ్గరగా నుండుట మేలు. నీటికి మాత్రము దూరపు చూపు కావలెను. చెరువు ఒక మండలములో, దానికి నీరు తెచ్చు వంక వేరొక మండలములో, మరవనీరు పోవు దారి మూడవ దానిలో నుండవచ్చును. పై మండలమువారు వంకకు అడ్డముగా లేఅవుటు వేయుటకు అనుమతించినచో, దాని ఫలము క్రింది మండలమువారి పొలములో కనిపించును. పట్టణము పెరిగినకొలది చెరువు పేరు వీధిపేరుగా మాత్రమే మిగిలిన చోట్లు తిరుపతి వాసులకు తెలియనివి కావు.

2021 నవంబరులో ఇది అందరి కండ్ల ముందు జరిగినది. ఆ నెల 18, 19 తేదీలలో వాయుగుండపు వానకు శేషాచలములనుండి నీరు ఒక్కపెట్టున దిగెను. తిరుపతి వీధులు మునిగినవి. స్వర్ణముఖి గట్లు కోసినది. తిరుచానూరు వద్ద ఏటి యొడ్డున కట్టిన ఇల్లు నదిలో ఒరిగిపోయినది. రెండు మూడు దినములలో రామచంద్రాపురము మండలములోని రాయలచెరువు కట్టనుండి నీరు కారుట మొదలయ్యెను. రాయల కాలపుదని పేరుగన్న పెద్దచెరువది. దిగువ గ్రామముల ప్రజలను ఖాళీ చేయించి, ఇసుకబస్తాలతో కట్టను నిలబెట్టవలసి వచ్చెను. కట్ట నిలిచినది. కాని ఆ దినములలో ప్రతి యింటను విన్న ప్రశ్నలు పాత జమాబందీలో అడిగిన ప్రశ్నలే. ఈ చెరువునకు నీరెచ్చటనుండి వచ్చును? మరవ పారిన నీరు ఏ దారిన పోవును? ఆ దారిలో ఎవరున్నారు? కట్ట యెవరి పూచీ?

తాలూకాను మరల తెమ్మని మేము చెప్పుటలేదు. పోయిన కరణీకము రావలెనని అంతకంటె కాదు. తాలూకా ఉన్న కాలమున కూడ చెరువులు తెగినవి, పూడినవి. కాని లోయనంతటిని ఒక్క బల్లమీద పరచి చూచు లెక్క ఒకటి అప్పుడుండెను. ఆ లెక్క నేటికిని నశింపలేదు. గ్రామపటములలో వంకలు, కాలువలు, చెరువు గర్భములు గీతలుగా నున్నవి. సెటిల్మెంటు నాటి రిజిస్టరులో అవి పోరంబోకుగా నమోదయి యున్నవి. మనవారు దానిని డైగ్లాటు అని పిలుతురు. ఇంగ్లీషు, తెలుగు రెండింటను వ్రాసియుండుటచే ఆ పేరు వచ్చినది. 1911కు ముందటి మాటలు వెదకవలసినచో ఉత్తర ఆర్కాడు పేరను చూడవలెను. పాత మద్రాసు రాజధాని రికార్డులు చెన్నై ఎగ్మూరులోని దస్త్రశాలలో భద్రముగా నున్నవి.

ఇందులో ఇంటివారు చేయగల పని కొంత యున్నది. పెట్టెలోని పాత దస్తావేజులను చెదలకు వదలవలదు. అందలి నాలుగు చెక్కుబందీలను చదివి చూచినచో, తూర్పున వంక, పడమట చెరువుకాలువ అని వ్రాసియుండవచ్చును. ఈనాడు ఆ వంక కంటికి కనిపింపనిచో అది ఎచ్చటికి పోయినదో గ్రామసభలో అడుగుటకు ఆ కాగితమే ఆధారము. కొత్త ఇంటిస్థలము కొనువారు ధర అడుగుటకు ముందు పాత గ్రామపటమును చూడవలెను. కార్యాలయములవారు చేయవలసినది దానికంటె పెద్దది: చెరువుల లెక్కను మండలము వెంబడి కాక, వంక వెంబడి, గొలుసు వెంబడి వ్రాసి, వానకు ముందే ఒకచోట కూర్చుండి చూచుట.

కోట్టము పోయి రాజ్యము వచ్చినది, రాజ్యము పోయి తాలూకా వచ్చినది, తాలూకా పోయి మండలము వచ్చినది. రేపు దీనికి మరియొక పేరు రావచ్చును. స్వర్ణముఖి మాత్రము ఈ పేర్లలో దేనిని అడుగక తన పల్లమును పట్టి పోవుచున్నది. మనము ఏ పేరు పెట్టుకొన్నను ఆ పల్లమెక్కడ నున్నదో లెక్కలో వ్రాసి యుంచుకొనుట మన పని. చంద్రగిరి తాలూకా మనకు విడిచిపోయిన ఆస్తి ఆ లెక్కయే.